తలుపు అవతల అమ్మాయి

ప్రశ్న: మేము చాలా ఏళ్లుగా లండన్‌లో ఉంటున్నాం. ఎ-లెవెల్స్ (మన ఇంటర్ వంటిది) చదువుతున్న మా అమ్మాయి ఫార్మసీ వద్దని, నటన నేర్పే డ్రామా స్కూల్లో చేరతానని పట్టుబట్టింది. నెల రోజులుగా మావారు తనతో మాట్లాడటం లేదు. ‘అన్నానికి రమ్మను’ అన్న మాట కూడా నా చేతే చెప్పిస్తున్నారు. అది రాత్రిళ్లు తలుపు వేసుకుని, ఫోను ముందు డైలాగులు చెప్పుకుంటోంది. నేనేం చేయాలి?

జవాబు: అమ్మా, తండ్రీకూతుళ్ల మధ్య మాటలు మోసే పనిని ముందుగా మీరు మానుకోవాలి. మీరు మోస్తున్నంత కాలం వారిద్దరికీ ఎదురెదురుగా కూర్చోవలసిన అవసరమే రాదు.

మీవారి భయం అకారణమైనది కాదు. 1904లో స్థాపించిన లండన్ నటనా విద్యాలయం రాడా వంటి సంస్థలో నటన డిగ్రీకి ఏటా తీసుకునేది ముప్పై మందిలోపే కాగా, ప్రయత్నించేవారు వేలల్లో ఉంటారు. చదువు ముగిశాక కూడా ఒక వేషానికీ మరో వేషానికీ మధ్య నెలలు గడిచిపోతాయి కాబట్టి, హోటళ్లలోనో దుకాణాల్లోనో పనిచేసి ఇంటి అద్దె కట్టుకునే నటులు అక్కడ ఎందరో ఉన్నారు. ఈ సంగతి అమ్మాయికి తండ్రి నోటి ద్వారానే, కోపం లేకుండా తెలియాలి.

అయితే దారి ఒక్కటే కాదని ఆయన కూడా తెలుసుకోవాలి. నటి అంబికా మోడ్ ఇంగ్లండ్‌లోని డరమ్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లీషు సాహిత్యం చదువుతూ అక్కడి విద్యార్థుల హాస్య బృందంలో నటించారు. 2022లో ఆసుపత్రి నేపథ్యంలో వచ్చిన బీబీసీ ధారావాహికతో గుర్తింపు పొంది, 2024లో నెట్‌ఫ్లిక్స్ ధారావాహికలో కథానాయిక అయ్యారు. నటుడు రిజ్ అహ్మద్ ఆక్స్‌ఫర్డ్‌లో రాజనీతి, తత్వశాస్త్రం, అర్థశాస్త్రం చదివిన తర్వాతే నటనలో శిక్షణ తీసుకున్నారు. లండన్‌లోని హారో ప్రాంతపు కుర్రాడైన నటుడు దేవ్ పటేల్‌ను తొలి ఆడిషన్‌కు తీసుకెళ్లింది, పత్రికలో ప్రకటన చూసిన ఆయన తల్లే. వీరిని చూపి మీ అమ్మాయికీ అలాగే జరుగుతుందని నేను చెప్పను. డిగ్రీ చదువుతూ నటించడం, ఒక ఏడాది ఆడిషన్లకు ప్రయత్నించి ఆపైన నిర్ణయించుకోవడం, ఈ రెండూ మీ ముగ్గురూ కూర్చుని మాట్లాడుకోదగిన మార్గాలని మాత్రం చెప్పగలను. పద్నాలుగేళ్లు నిండిన వారిని తీసుకునే నేషనల్ యూత్ థియేటర్‌కు కూడా దరఖాస్తు చేయించండి.

ఒక జాగ్రత్త తప్పనిసరి. నటులకు వేషాలు వెతికిపెట్టే నిజమైన ఏజెంటు, వారు సంపాదించినప్పుడే అందులోంచి కమీషన్ తీసుకుంటాడు. చేర్చుకోవడానికే ముందుగా డబ్బు అడిగేవారి దగ్గర సంతకం పెట్టనివ్వకండి.

ఇక ఆ తలుపు సంగతి. ఆడిషన్ కోసం ఇంట్లో తీసి పంపే వీడియోలో, కెమెరా వెనుక నిలబడి ఎదుటి పాత్ర మాటలు చదివే మనిషి ఒకరు కావాలి. మీ అమ్మాయి ఇన్నాళ్లూ ఆ మాటలను కూడా తానే ఊహించుకుని, వాటికి జవాబు చెప్పుకుంటూ ఉండి ఉంటుంది. ఈ రాత్రి తలుపు తట్టి, ఆ కాగితం అడిగి తీసుకుని మీరు చదవండి. ఉచ్చారణ గురించి బెంగ వద్దు. తర్వాత ఒక రోజు, తండ్రి పాత్ర ఉన్న సన్నివేశం వచ్చినప్పుడు, ఆ కాగితాన్ని మీవారి చేతికి అమ్మాయినే ఇవ్వమనండి.