సొంత ఇంటి కథను డాక్యుమెంటరీగా తీస్తే బయటివాళ్లు చూస్తారా?

అమ్మ జీవితం మీద డాక్యుమెంటరీ తీయాలనుంది, కానీ మా ఇంటి సంగతులు ఎవరికి కావాలి అని అడిగారు. తప్పకుండా చూస్తారండీ. సెర్బియా దర్శకురాలు మీలా తురాయ్‌లిచ్ 2017లో తీసిన 'ది అదర్ సైడ్ ఆఫ్ ఎవ్రీథింగ్' ఒకసారి చూడండి. ఆమ్‌స్టర్‌డామ్‌లో జరిగే ఇడ్ఫా డాక్యుమెంటరీ చిత్రోత్సవంలో ఆ ఏడాది ఉత్తమ డాక్యుమెంటరీ అదే.

సినిమా చాలావరకు సెర్బియా రాజధాని బెల్‌గ్రేడ్‌లోని మీలా వాళ్ల ఫ్లాట్‌లోనే నడుస్తుంది. రెండో ప్రపంచయుద్ధం తర్వాత కమ్యూనిస్టు ప్రభుత్వం ఆ ఇంటిని విడదీసి కొన్ని గదులు వేరేవాళ్లకు ఇచ్చింది. మధ్య తలుపులకు అప్పుడు పడ్డ తాళాలు డెబ్బై ఏళ్లు అలాగే ఉన్నాయి. ఇవతల మీలా వాళ్లమ్మ స్ర్బియాంకా. ఎలక్ట్రికల్ ఇంజినీరింగ్ ప్రొఫెసర్. అప్పటి సెర్బియా పాలకుడు మిలోషెవిచ్‌ను బహిరంగంగా ఎదిరించి, 1990లలో యూనివర్సిటీ ఉద్యోగం పోగొట్టుకున్న మనిషి.

నాకు బాగా నచ్చింది, కూతురు తల్లిని వీరవనితను చేయకపోవడం. కెమెరా వెనక నుంచి మీలా ప్రశ్నలు వినిపిస్తూనే ఉంటాయి. తల్లి ఒక్కోసారి విసుక్కుంటుంది, ఎదురు ప్రశ్న వేస్తుంది. 2000 అక్టోబర్‌లో మిలోషెవిచ్ గద్దె దిగాక కూడా దేశం అనుకున్నట్టు మారలేదన్న బాధనూ దాచలేదు.

మీలా లండన్‌లో రాజనీతి, బెల్‌గ్రేడ్‌లో సినిమా నిర్మాణం చదివింది. 2010 నాటి మొదటి సినిమా 'సినిమా కొమ్యునిస్తో'లో యుగోస్లావియా అధ్యక్షుడు టిటోకు ఇంట్లో సినిమాలు వేసి చూపించిన ప్రొజెక్షనిస్టు ఉంటాడు. 2022లో వచ్చిన రెండు సినిమాలకు ఆధారం టిటో కెమెరామన్ లబుదోవిచ్ తీసిన రీళ్లు. ఒకటి అల్జీరియా స్వాతంత్ర్య పోరాటం గురించి, రెండోది మన నెహ్రూ కూడా వెళ్లిన 1961 బెల్‌గ్రేడ్ అలీన సదస్సు గురించి. అంటే ఆమె ఎప్పుడూ ఒక మనిషిని పట్టుకునే దేశం కథలోకి వెళ్తుంది.

ఈ పద్ధతి మనసులో పెట్టుకునే హన్మకొండలో మా పెదనాన్నను రికార్డ్ చేశాను. ఆయన 1969 తెలంగాణ ఉద్యమం నాటి విద్యార్థి. ఉద్యమం గురించి చెప్పండి అంటే స్టేజీ మీద ఉపన్యాసంలా మాట్లాడేవారు. ఒకసారి ఆయన బీరువా సర్దుకుంటుంటే, ఈ కాగితాలేంటి పెదనాన్నా అన్నాను. వాళ్ల నాన్న కోపంతో కరపత్రాలు పొయ్యిలో పెట్టిన రోజు గురించి చెప్పడం మొదలుపెట్టారు. అంతకుముందు ఆ మాట ఇంట్లో ఎవరికీ తెలియదు. నా గొంతు ఎడిటింగ్‌లో తీసెయ్యమని తమ్ముళ్లు అన్నారు, నేను ఉంచాను. అడిగేది ఇంటి పిల్లాడని తెలియాలి కదా!

మీరూ అమ్మను కుర్చీలో కూర్చోబెట్టి ఇంటర్వ్యూ చేయకండి. ఆవిడ పనిలో ఉన్నప్పుడు అడగండి. కాలర్ మైకు తప్పనిసరి, ఎంత ఉక్కపోసినా మాటలప్పుడు ఫ్యాన్ ఆపండి. ఎడిటింగ్ పూర్తి కాకముందే ఆవిడకు చూపించండి. ఏదైనా వద్దంటే, ఎంత మంచి షాట్ అయినా తీసెయ్యండి.