డీఎల్ఎల్ లేదంటే ముందు అది ఎవరిదో కనుక్కో

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

నువ్వు పంపిన స్క్రీన్ ఫొటో చూశాను. ఫలానా డీఎల్ఎల్ ఫైలు లేదని మెసేజ్ రాగానే ఆ పేరు కొట్టి వెతికి, ఏదో సైట్లో దొరికిన ఫైలు దించి, విండోస్ తన ఫైళ్లు పెట్టుకునే సిస్టమ్32 ఫోల్డర్లో పెట్టానని రాశావు. ఆ పని ఇంకెప్పుడూ చెయ్యకురా. ఆ ఫైలు ఎవరు తయారుచేశారో, లోపల ఏం కలిపారో నీకు తెలీదు. పైగా అడ్మిన్ హక్కులిచ్చి మరీ లోపలికి తెచ్చుకున్నావు. దాన్ని ఇవాళే తీసెయ్. పాత ఫైలు మీద పడి ఉంటే, విండోస్ ఫైళ్లను సరిచేసే టూల్, కింద చెప్పిన ఎస్ఎఫ్‌సీ నడుపు. ఎలాగైనా ఒకసారి పూర్తి వైరస్ స్కాన్ పెట్టు.

డీఎల్ఎల్ అంటే పది ప్రోగ్రాములు కలిసి వాడుకునే కోడ్. నెట్‌తో మాట్లాడే పని ప్రతి ప్రోగ్రామూ మొదట్నుంచీ రాసుకోనక్కర్లేకుండా విండోస్ ఒకేచోట పెట్టింది. డబ్ల్యూఎస్2_32 అనే ఫైలు అందులో ముఖ్యమైనది, అదే విన్‌సాక్ 2. కనెక్షన్ తెరవడం, డేటా పంపడం, అందుకోవడం దాని పని. డబ్ల్యూసాక్32 అంతకంటే పాతది, పాత ప్రోగ్రాముల కోసం ఇంకా ఉంచారు. పేరును ఐపీ అడ్రస్‌గా మార్చుకోవడానికి డీఎన్ఎస్ఏపీఐ ఉంది. ఒకసారి కమాండ్ ప్రాంప్ట్ తెరిచి టాస్క్‌లిస్ట్ అని కొట్టి, స్పేస్ ఇచ్చి, స్లాష్ ఎం పెట్టి, పక్కన డబ్ల్యూఎస్2_32.డీఎల్ఎల్ అని రాసి ఎంటర్ నొక్కు. ఆ ఫైలును ఆ క్షణాన వాడుతున్న ప్రోగ్రాముల జాబితా వస్తుంది. ఎంత పొడుగ్గా ఉంటుందో కళ్లారా చూడు. అలాంటి ఫైలు మీద చెయ్యి వెయ్యడమంటే ఏమిటో అప్పుడు నీకే అర్థమవుతుంది.

విన్‌ఇనెట్, విన్‌హెచ్‌టీటీపీ అనే డీఎల్ఎల్‌లు రెండూ వెబ్ పనికే ఉన్నా ఒకటి కావు. మొదటిది లాగిన్ అయిన మనిషి ప్రాక్సీ (నెట్‌కు మధ్యవర్తిగా ఉండే సర్వర్) సెట్టింగులు చూస్తుంది. రెండోది సర్వీసుల కోసం, దాని ప్రాక్సీ సెట్టింగు వేరు. బ్రౌజర్ చక్కగా నడుస్తూ, వెనకాల నడిచే సర్వీసు మాత్రం నెట్ లేదంటుంటే ఫైళ్ల జోలికి పోకు. నెట్‌ష్ విన్‌హెచ్‌టీటీపీ షో ప్రాక్సీ అని ప్రాంప్ట్‌లో కొట్టి చూడు. చాలాసార్లు సంగతి అక్కడే తేలిపోతుంది.

ఇంకోటి, 64 బిట్ విండోస్‌లో ఫోల్డర్ల పేర్లు తలకిందులుగా ఉంటాయి. సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. 32 బిట్ ప్రోగ్రాముకు 64 బిట్ డీఎల్ఎల్ తగిలితే 0xసీ000007బీ అనే ఎర్రర్ వస్తుంది. అది కనబడితే ఫైలు ఉంది గానీ జోడీ కుదరలేదేమోనని ముందు అనుమానించు.

నా చేతిలో జరిగింది చెబుతాను. ఒక మెషీన్లో పనికిరాని వెబ్ ఫిల్టర్ ఒకటి ఉందని, దాని డీఎల్ఎల్‌ను నేనే చేత్తో డిలీట్ చేశాను. రీస్టార్ట్ అయ్యాక ఐపీ నంబరుకు పింగ్ వెళ్తోంది, బ్రౌజర్లో మాత్రం ఒక్క పేజీ తెరుచుకోదు. కేబుల్ మార్చాను, నెట్‌వర్క్ కార్డు డ్రైవర్ మళ్లీ వేశాను. మధ్యాహ్నమంతా పోయింది. అసలు సంగతేమిటంటే, ఆ ఫిల్టర్ విన్‌సాక్ గొలుసులో, అంటే నెట్ డేటా ఒకదాని తర్వాత ఒకటిగా దాటే ఫైళ్ల వరుసలో, ఒక లింకుగా చేరి ఉంది. లింకు తెగింది, ఆ వరుసను రాసిపెట్టుకునే కేటలాగ్‌లో దాని పేరు మాత్రం మిగిలింది. నెట్‌ష్ విన్‌సాక్ రీసెట్ కొట్టి రీస్టార్ట్ చేస్తే నిమిషంలో నెట్ వచ్చింది. అప్పట్నుంచీ అలాంటివి వాటి అన్‌ఇన్‌స్టాలర్‌తోనే తీస్తాను.

అందుకే ఎర్రర్‌లో పేరు చూడగానే ఆ ఫైలు విండోస్‌దా, ప్రోగ్రాముదా అని తేల్చుకో. విండోస్‌దైతే అడ్మిన్‌గా ప్రాంప్ట్ తెరిచి ఎస్ఎఫ్‌సీ స్లాష్ స్కాన్‌నౌ నడుపు. అది బాగుచెయ్యలేకపోతే డిస్మ్ అనే ఇంకో విండోస్ టూల్‌తో రిస్టోర్‌హెల్త్ నడిపి, ఎస్ఎఫ్‌సీని మళ్లీ నడుపు. ప్రోగ్రాముదైతే ఆ ప్రోగ్రామునే మళ్లీ ఇన్‌స్టాల్ చెయ్యి. వీసీరన్‌టైమ్140 లాంటి పేరైతే మైక్రోసాఫ్ట్ వాళ్ల విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ వెయ్యి. రెగ్‌ఎస్‌వీఆర్32తో రిజిస్టర్ చెయ్యమని ఎవరో చెప్పారన్నావు కదా, అది కామ్ రకం (తమ పేరు విండోస్‌లో నమోదు చేసుకునే) డీఎల్ఎల్‌లకే. డబ్ల్యూఎస్2_32కి చేస్తే ఎంట్రీ పాయింట్ లేదనే జవాబొస్తుంది. దాన్ని చూసి ఫైలు పాడైందనుకోకు.

డౌన్‌లోడ్స్ ఫోల్డర్లోంచి ఇన్‌స్టాలర్లు నేరుగా నడిపే అలవాటు కూడా మానుకో. చాలా డీఎల్ఎల్‌లను ప్రోగ్రాం ముందు తన పక్కనున్న ఫోల్డర్లోనే వెతుక్కుంటుంది. అక్కడ అదే పేరుతో ఎవరైనా దొంగ ఫైలు పెడితే అదే లోడవుతుంది. డబ్ల్యూఎస్2_32 లాంటి కొన్నింటిని విండోస్ తన దగ్గర్నుంచే తీసుకుంటుంది గానీ, అన్నింటికీ ఆ రక్షణ లేదు.

ఫొటోలో ఎర్రర్ పేరు సగమే పడింది. పూర్తి పేరు, ఆ ప్రోగ్రాం 32 బిట్టో 64 బిట్టో, ఎస్ఎఫ్‌సీ చివర్లో ఏమందో రాసి పంపు. రాత్రికి కూర్చుని చూద్దాం.

ఇట్లు,
మీ మామయ్య