లీజుకు తీసుకున్న కంపెనీ మూతపడింది, మా భూమి ఏమవుతుంది?

ప్రశ్న: మాకు ఊరి బయట ఉన్న మూడెకరాలను 2014లో ఒక కంపెనీకి 15 ఏళ్ల లీజుకిచ్చాం, రిజిస్ట్రేషన్ కూడా అయింది. వాళ్లు షెడ్డు వేసి మెషీన్లు పెట్టుకున్నారు. ఏడాదిన్నరగా అద్దె లేదు. దివాలా కేసు నడిచి ఇప్పుడు లిక్విడేషన్ (ఆస్తులు అమ్మి అప్పులు తీర్చి కంపెనీని మూసేయడం) ఆర్డరు వచ్చిందని గేటుకు నోటీసు అంటించారు. భూమిని కూడా బ్యాంకు వేలం వేస్తుందని ఊళ్లో అంటుంటే మా అమ్మకు నిద్ర పట్టడం లేదు. తాళం పగలగొట్టి స్వాధీనం చేసుకోవచ్చా?
– ఒక పాఠకుడు, సంగారెడ్డి జిల్లా

జవాబు: తాళం జోలికి మాత్రం పోకండి. లోపలున్న మెషీన్లలో ఒక్కటి కనబడకపోయినా ఆ నింద మీ మీదికే వస్తుంది.

భూమి విషయానికొస్తే, కంపెనీకి దాని మీద ఉన్నది వాడుకునే హక్కే. 2016 దివాలా చట్టం 36వ సెక్షన్ ప్రకారం, వాడుకోవడానికి మాత్రమే ఇచ్చిన ఇతరుల ఆస్తి లిక్విడేషన్ ఆస్తుల్లోకి రాదు, అప్పులిచ్చినవాళ్ల కోసం దాన్ని అమ్మడం కుదరదు. అయితే ఒక్క మాట అడుగుతాను, కోప్పడకండి: కంపెనీ లోన్ తీసుకున్నప్పుడు బ్యాంకులో మీరుగానీ నాన్నగారుగానీ ఎక్కడైనా సంతకం పెట్టారా? 'ఊరికే ఫార్మాలిటీ' అని చెప్పి భూమినే తనఖా పెట్టించుకున్న సందర్భాలు ఉంటాయి. అలా అయితే కంపెనీ లిక్విడేషన్‌తో పని లేకుండానే బ్యాంకు మీ భూమి మీదికి రాగలదు. రేపే ఈసీ (భూమి మీద రిజిస్టరైన తనఖాలు, లావాదేవీలు చూపే పత్రం) తీయించి చూడండి, మీసేవలో పని అయిపోతుంది.

ఇన్నాళ్లూ ఖాళీ చేయించలేకపోవడం మీ తప్పు కాదు. దివాలా కేసు మొదలైన రోజు నుంచి మారటోరియం (కంపెనీ మీద కేసులు, వసూళ్లు ఆపి ఉంచడం) ఉంటుంది, కంపెనీ చేతిలో ఉన్న స్థలాన్ని యజమాని కూడా వెనక్కి తీసుకోకూడదని 14వ సెక్షన్ చెబుతుంది. లిక్విడేషన్ ఆర్డరుతో అది పోతుంది. కానీ కంపెనీ మీద కొత్తగా సివిల్ కోర్టుకు పోవడానికి ఇప్పుడూ వీల్లేదు, మీ తగాదా ఏదైనా కంపెనీల దివాలా కేసులు చూసే ట్రిబ్యునల్, హైదరాబాద్ ఎన్‌సీఎల్‌టీ ముందే (ఆర్డరు ఇంకో బెంచి ఇచ్చి ఉంటే అక్కడే).

లిక్విడేటర్‌కు (కంపెనీ ఆస్తులు అమ్మి అప్పులు తీర్చడానికి ట్రిబ్యునల్ పెట్టిన అధికారి) వెంటనే రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం రాయండి, లీజు డీడు కాపీ జతచేయండి. ఈ స్థలం కంపెనీకి ఇంకా అవసరమా, అవసరమైతే అద్దె ఎవరు కడతారు, లేకపోతే ఎప్పుడు అప్పగిస్తారు, ఈ మూడూ సూటిగా అడగండి. అద్దె భారమే తప్ప లాభం లేని లీజును ఎన్‌సీఎల్‌టీ అనుమతితో వదులుకోవడానికి లిక్విడేటర్‌కు మామూలుగా ఆరు నెలల గడువు ఉంటుంది, అలా వదులుకుంటే మీకు కలిగిన నష్టానికి కంపెనీ బాకీ తీర్చాల్సినవాళ్లలో మీరూ ఒకరవుతారు.

ఇక బకాయి. లిక్విడేటర్‌కు పెట్టే క్లెయిములో (బాకీ అడిగే దరఖాస్తు) అంతా ఒకే మొత్తంగా రాయకండి, ఇక్కడే చాలామంది నష్టపోతారు. దివాలా కేసుకు ముందు అద్దె మామూలు అప్పు, కార్మికులు, బ్యాంకుల తర్వాత ఎక్కడో కింది వరసలో ఉంటుంది, దాని మీద పెద్దగా ఆశ పెట్టుకోవద్దు. మారటోరియం కాలంలో ఖాళీ చేయించలేక ఆగిన అద్దె అలా కాదు, అది ఆ ప్రక్రియ ఖర్చు కింద లెక్క, అందరికంటే ముందు కట్టాలి. లిక్విడేషన్ ఆర్డరు తర్వాత కూడా సామాను పెట్టుకోవడానికి మీ స్థలం వాడుకుంటుంటే, అది లిక్విడేషన్ ఖర్చని గట్టిగా అడగండి. నోటీసులో క్లెయిముల ఆఖరి తేదీ ఉంటుంది, దాన్ని దాటనివ్వకండి. వాళ్లిచ్చిన డిపాజిట్ మీ దగ్గరే ఉంటే, దాన్ని మినహాయించి మిగిలింది చూపించండి.

డీడు ఇంకోసారి చదవండి, 'మీ అనుమతి లేకుండా లీజు హక్కు వేరేవాళ్లకు బదిలీ చేయకూడదు' అనే షరతు ఉందా? లేకపోతే మిగిలిన కాలం, అంటే 2029 దాకా ఉన్న హక్కును లిక్విడేటర్ వేరేవాళ్లకు అమ్మే అవకాశం ఉంది, అప్పుడు మీకు కొత్త కిరాయిదారు వస్తాడు. షెడ్డు మీద కూడా ఆశ పడకండి. డీడులో వేరేలా రాసుకోకపోతే, తాను కట్టినవాటిని స్థలం తన చేతిలో ఉన్నంతవరకు కిరాయిదారు ఊడదీసుకుపోవచ్చు, కాకపోతే నేలను ముందున్నట్టే అప్పగించాలి. కాబట్టి పునాదులు, ఇనుప బోల్టులు తీయించి చదును చేసి ఇవ్వమని కూడా అదే ఉత్తరంలో రాయండి.