పాత ఓనర్ కట్టని పీఎఫ్ కొన్నవాళ్ల మీద పడుతుందా?

అన్నా, 2023లో తాడిపత్రిలో నడుస్తున్న బండల పాలిష్ ఫ్యాక్టరీ కొన్నారు. అంతకుముందు 14 నెలల పీఎఫ్ పాత ఓనర్ కట్టలేదని ఇప్పుడు మీకు నోటీసు వచ్చింది. "పాత బాకీలు అమ్మినవాడివే" అని అగ్రిమెంటులో ఉంది కదా అంటున్నారు. ఆ మాట మీ ఇద్దరి మధ్యే చెల్లుతుంది, పీఎఫ్ ఆఫీసు ముందు చెల్లదు.

1952 పీఎఫ్ చట్టం 17బి సెక్షన్ ప్రకారం, అమ్మిన తేదీ వరకూ ఉన్న బాకీకి ఇద్దరూ బాధ్యులే. ఎవరి దగ్గరైనా వసూలు చేయొచ్చు. మీకున్న ఊరట ఒకటే: ఆ అమ్మకంలో మీకు వచ్చిన ఆస్తుల విలువ మించి మిమ్మల్ని అడగలేరు. అందుకే మిషన్లు, షెడ్డు విలువ రాసున్న రిజిస్ట్రేషన్ కాగితం బయటికి తీయండి.

బాకీ ఎంతో తేల్చడానికి పీఎఫ్ ఆఫీసు అదే చట్టం 7ఏ సెక్షన్ కింద జరిపే విచారణకు తప్పక వెళ్లండి. వెళ్లకపోతే వాళ్లు వేసిన లెక్కే ఖాయమవుతుంది. పాత ఓనర్‌నూ పిలవమని రాసివ్వండి, నెలవారీ లెక్క అడగండి. బాకీ మీద ఏడాదికి 12 శాతం వడ్డీ ఎటూ తప్పదు.

కూలీల జీతంలో పట్టుకుని కట్టని వాటా మాత్రం నమ్మకద్రోహం నేరం కిందికి వస్తుంది, అది పట్టుకున్నవాడి మెడకే. కట్టాల్సి వస్తే కట్టేసి, ఆ అగ్రిమెంటు పట్టుకుని అతని మీద సివిల్ కోర్టుకు వెళ్లండి.