రాక్షసిని చంపే కుర్రాడికి ఏం కావాలి?

చిరంజీవికి ఆశీస్సులు.

నీ స్క్రిప్టు చదివాను అమ్మాయ్. డైలాగులు హుషారుగా ఉన్నాయి. కానీ రాక్షసిని చంపాల్సిన నీ కుమ్మరి కుర్రాడు ప్రతి సీన్లోనూ జారిపడుతున్నాడు. రెండోసారి దాకా నవ్వాను, ఆ తర్వాత విసుగొచ్చింది. వాడు చేతకానివాడని చెప్పడానికి అంత తాపత్రయపడ్డావు గానీ, అసలు వాడికేం కావాలో ఎక్కడా రాయలేదు.

వీలు చూసుకుని 'జాబర్‌వాకీ' అనే ఇంగ్లీషు హాస్య సినిమా చూడు, అందులోనూ రాక్షసిని చంపేది ఒక మామూలు కుర్రాడే. 1977 నాటిది. టెర్రీ గిలియమ్ ఒక్కడే దర్శకత్వం చేసిన మొదటి సినిమా. దీనికి మూలమైన లూయిస్ కెరోల్ పద్యంలో కొడుకు రాక్షసి తల నరికి తెస్తే తండ్రి పొంగిపోయి కౌగిలించుకుంటాడు. ఇక్కడ తండ్రి పీపాలు చేసే పనివాడు. కొడుకు డెనిస్‌కేమో పనితనం కన్నా సరుకు లెక్కల మీద మోజు. ముసలాయన చావుమంచం మీద కూడా కొడుకుని తిట్టిపోసి మరీ పోతాడు.

డెనిస్ ఆశలు చూడు: గ్రిసెల్డాని పెళ్లాడాలి, నాలుగు డబ్బులు సంపాదించుకోవాలి. అంతే. ఆ పిల్ల వీణ్ణి పట్టించుకోదు. ఆమె పారేసిన కుళ్లు బంగాళాదుంపని మాత్రం వీడు ప్రేమకానుకలా దాచుకుని తిరుగుతాడు. డెనిస్‌గా వేసిన మైఖేల్ పేలిన్ ఎక్కడా కోతివేషాలు వెయ్యడు, ఆ దుంపని నిజంగానే అపురూపంగా చూసుకుంటాడు. నవ్వంతా అక్కడుంది.

చివరికి రాక్షసి వీడి చేతిలోనే చస్తుంది. వీడు చేసిందేమీ లేదు, భయంతో పట్టుకున్న కత్తి మీదికి అదే వచ్చి పడుతుంది. ఇంకేముంది, అర్ధరాజ్యం, రాకుమారి! మన 'పాతాళ భైరవి'లో తోట రాముడు రాకుమారి కోసమే అన్ని తిప్పలూ పడ్డాడు కాబట్టి ఆ పెళ్లి మనకీ పండగే. డెనిస్‌కి అదే పెళ్లి శిక్ష. అడిగింది చిన్నది, నెత్తిన పడింది పెద్దది. నీ కుమ్మరి కుర్రాడికి కూడా ఇలాంటి చిన్న కోరిక ఒకటి తగిలించు. అప్పుడు వాణ్ణి అన్నిసార్లు పడెయ్యక్కర్లేదు.

ఇంకో మాట. నీ రాక్షసి జోకులెందుకు వేస్తోంది? జనం దానికి భయపడాలి కదా. ఈ సినిమా మొదట్లో నటుడు టెర్రీ జోన్స్ అడవిలో చచ్చిపోయే సీన్లో అది కనబడదు, దాని కళ్లతోనే అతణ్ణి చూస్తాం. ఆఖర్న బయటపడ్డప్పుడు దాని నడకే వింతగా ఉంటుంది. లోపలున్న మనిషి వెనక్కి తిరిగి నడిచాడు, అందుకే కాళ్లు పక్షి కాళ్లలా వెనక్కి మడుచుకుంటాయి. చవకలో అయిపోయిన ఉపాయం, చూస్తే మాత్రం ఒళ్లు జలదరిస్తుంది.

రాక్షసి నిజంగా భయపెడితేనే చుట్టూ ఉన్నవాళ్ల తెలివితక్కువతనం, దుర్మార్గం పండుతాయి. ఆ ఊరి వ్యాపారులకి రాక్షసి వల్ల గిరాకీ పెరిగింది. అది చస్తే నష్టమని, దాన్ని చంపబోయే వీరుడి మీదికి ఇంకో యోధుణ్ణి పురమాయిస్తారు. రాజుగారు రాక్షసి మీదికి పంపడానికి వీరుణ్ణి ఎంచుకుందామని పోటీలు పెడితే, ఉన్న వీరులంతా వాటిలోనే చస్తుంటారు. దాంతో కత్తులు పక్కన పెట్టించి దాగుడుమూతలు ఆడిస్తారు! సభలో ఒక్కడూ నవ్వడు. నీ రాజు మాత్రం తన జోకుకి తనే నవ్వుతున్నాడు, అది తీసెయ్.

అలాగని ఆ సినిమా మొత్తం నెత్తిన పెట్టుకోకు. నడుమ కథ బాగా సాగదీసినట్టుంటుంది, మలమూత్రాల హాస్యం నాకైతే మోతాదు మించిందనిపించింది.

నీ సంతలో కుండలమ్మే ముసలమ్మ సీను బాగుంది, దాని జోలికి వెళ్లకు. రాక్షసి వచ్చే సీన్లు తిరగరాసి పంపు. ఈసారి కాస్త పెద్ద అక్షరాల్లో ప్రింటు తియ్యి, నా కళ్లజోడు మార్చాల్సి ఉంది.

ఉంటాను.