టీవీ ఏళ్లకు రెండు వాక్యాలేనా?

బరంపురం

అమ్మాయీ,

నువ్వు పంపిన వ్యాసం రాత్రే చదివాను. వేణు ఎల్దండి గురించి రాయాలనుకోవడం బాగుంది. కానీ నాలుగు పేజీల్లో టీవీకి ఇచ్చింది రెండు వాక్యాలు. "బుల్లితెరపై విశేష ప్రేక్షకాదరణ పొంది, అనంతరం వెండితెర దర్శకుడిగా ఎదిగారు" అన్నావు. అక్కడ కాగితాలు పక్కన పెట్టేశాను. కోపం వచ్చింది, దాచుకోను.

వేణు టీమ్ లీడర్‌గా స్కిట్లు చేసిన కామెడీ షో 'జబర్దస్త్' ఈటీవీలో మొదలైంది 2013 ఫిబ్రవరిలో. అతను దర్శకత్వం వహించిన సినిమా 'బలగం' విడుదలైంది 2023 మార్చి 3న. ఆ మనిషి దర్శకత్వం సినిమా షూటింగు మొదటి రోజున నేర్చుకున్నాడా? టీమ్ లీడర్ అంటే ఏమనుకున్నావు? స్కిట్‌కి ఐడియా వెతకాలి. రాయాలి, లేదా కూర్చోబెట్టి రాయించుకోవాలి. ఎవరికి ఏ వేషమో తేల్చాలి, ఆడవేషం కట్టే కుర్రాడికి నడక దిద్దాలి, రిహార్సల్ చేయించాలి. చివరికి తానే రంగేసుకుని జడ్జీల ముందుకు వెళ్లాలి. మన పాత నాటక సమాజాల్లో సమాజం నడిపే ఆయన చేసిన పని ఇదే. పంచ్ పేలకపోతే అక్కడికక్కడే తెలిసిపోతుంది. నవ్వు పూర్తిగా చల్లారకముందే, అలాగని ఆ నవ్వులో మాట కొట్టుకుపోకుండా, తర్వాతి డైలాగ్ అందుకోవాలి. ఆ లెక్క తప్పితే మంచి డైలాగ్ కూడా చచ్చిపోతుంది.

'బలగం' మళ్లీ చూడు. ఆ కుటుంబం దేనికి చీలిపోయింది? భోజనాల దగ్గర అల్లుడికి నల్లిబొక్క, అంటే మూలుగ ఉన్న ఎముక, వేయలేదని. ఒక స్కిట్‌కి సరిపోయేంత చిన్న విషయం. దాని మీద మొత్తం సినిమా నిలబెట్టాడు. చావింట్లో నవ్వించి, పిట్ట ముట్టని పిండం దగ్గర ఏడిపించాడు. టీవీని తక్కువ చేసి చూస్తే ఈ విద్య ఎక్కడిదో నీకు కనపడదు.

ఈ విషయంలో నాకు పాత కడుపుమంట ఉంది. కుర్రతనంలో ఇక్కడ ఉగాది వేడుకలకి హాస్యనాటికలు రాసేవాణ్ణి. తెర పక్కన ప్రాంప్టింగ్ చేస్తూ జనం మొహాలే చూసేవాణ్ణి. మా నాటికలు ఆడించేది ఒక గుమస్తా గారు. ఆఫీసు నుంచి నేరుగా వచ్చి, అన్నం కూడా తినకుండా, మా చేత ఒకే సీను మళ్లీ మళ్లీ చేయించేవారు. ఆయన మీద వ్యాసం రాసి ఓ వారపత్రికకి పంపాను. "సినిమా వాళ్లయితే వేద్దాం" అని ఎర్రసిరాతో అంచు మీద రాసి తిప్పి పంపాడు సంపాదకుడు. ఇంకోసారి నాటికలు పట్టుకుని కోణార్క్ ఎక్స్‌ప్రెస్‌లో హైదరాబాద్ వెళ్లాను. ఓ చానల్లో ఒకాయన మొదటి పేజీ చూసి, మీ ఒడిశా బోర్డర్ యాస ఎవరికి అర్థమవుతుంది అన్నాడు. ఇప్పుడేమో యాస ఫ్యాషన్. సినిమాలో ఓ అమాయకుణ్ణి పెట్టి, వాడి చేత నాలుగు సార్లు "ఏటి" అనిపించి చేతులు దులుపుకుంటున్నారు. చూస్తే ఒళ్లు మండుతుంది. వేణు సిరిసిల్ల వాడు. తన వైపు మాటని వెక్కిరింతకి వాడలేదు, ఇంటి పెద్ద పోయినప్పుడు మనుషులు ఎలా మాట్లాడతారో అలా మాట్లాడించాడు.

నీ వ్యాసంలో నన్ను కదిలించింది ఒక్క చోటే. గురువారం రాత్రి మీ అమ్మమ్మ స్కిట్ చూస్తూ పక్కింటి ఒడియా ఆవిడకి ఎప్పటికప్పుడు చెబుతుంటే, ఆవిడ అందరికన్నా కాస్త ఆలస్యంగా నవ్వేదన్నావు. అక్కడ ఆగాలి కదమ్మా! అమ్మమ్మ ఏం చెప్పింది, ఏం వదిలేసింది? ఈలోపు తర్వాతి డైలాగ్ వెళ్లిపోతుంటే కంగారుపడిందా? అదంతా ఒక్క వాక్యంలో తేల్చేసి రేటింగుల్లోకీ వ్యూస్‌లోకీ పోయావు. "తనదైన శైలిలో", "గుండెల్లో చెరగని ముద్ర", ఇవన్నీ కొట్టెయ్. గిడుగు రామమూర్తి గారు మీ పర్లాకిమిడిలోనే పాఠాలు చెప్పి, వాడుక భాష కోసం పోరాడారు. ఆ ఊరి పిల్లవి ప్రెస్ నోట్ భాష రాస్తుంటే నాకు కష్టంగా ఉంది.

పుస్తకం వేయడానికి ఎంతవుతుందని అడిగావు. అదంతా తర్వాత. ముందు ఇది తిరగరాయి. సినిమాకి ఒక్క పేజీ చాలు, మిగతా మూడూ టీవీకే. పాత స్కిట్ ఒకటి తీసుకుని, ముందు సౌండ్ తీసేసి చూడు. ఎవరు ఎక్కడ నిలబడ్డారు, ఎవరి కోసం ఎవరు పక్కకి జరిగారు, రాసుకో. తర్వాత సౌండ్ పెట్టుకుని, ఏ మాట మీద జడ్జీలు నవ్వారో, ఆ నవ్వు అయ్యేదాకా నటుడు ఏం చేస్తూ ఉన్నాడో చూడు.

ఉగాది నాటికకి ఇక్కడ సాయంత్రాలు రిహార్సల్స్ జరుగుతున్నాయి. మీ నాన్నగారిని వెంటబెట్టుకుని ఒక రోజు రా. రాత్రి బస్సు కోసం టెన్షన్ పడక్కర్లేదు, మా ఇంట్లో పడుకుని పొద్దున్నే వెళ్లొచ్చు.

ఆశీస్సులతో,
మాస్టారు