సెల్లో కడ్డీకి వంపు ఎందుకు?

ప్రశ్న: రష్యన్ విద్వాంసుడు రోస్ట్రోపోవిచ్ కచేరీ వీడియోల్లో సెల్లో (కూర్చుని వాయించే పెద్ద వయొలిన్ లాంటి వాద్యం) కింద నేలకి ఆన్చే కడ్డీ వంగి కనిపిస్తోంది. కావాలనే వంచారా? మా అబ్బాయి రెండేళ్లుగా నేర్చుకుంటున్నాడు, ముప్పావు సైజు సెల్లో. వాడికీ పెట్టించవచ్చా?
– ఒక పాఠకురాలు, సికింద్రాబాద్

జవాబు: కావాలని వంచిందే. ఆ పద్ధతి ఫ్రెంచ్ విద్వాంసుడు పోల్ తోర్తెలియేది (1914–1990). రోస్ట్రోపోవిచ్ ఆయన్ని చూసే అందుకున్నారు.

తిన్నని కడ్డీ మీద సెల్లో నిటారుగా నిలుస్తుంది. అప్పుడు చేతి బరువు తీగలోకి దిగదు, బో (వాయించే కమాను) బ్రిడ్జి (తీగల్ని మోసే చెక్క) వైపు జారుతుంటుంది. వేళ్లతో అదిమి పట్టాల్సి వస్తుంది. కడ్డీ వంగితే సెల్లో వెల్లకిలా వాలుతుంది. చేతి బరువే సగం పని చేసిపెడుతుంది. బొటనవేలు తీగ మీద పెట్టి వాయించే పై స్థాయి స్వరాలకు ఎడమ భుజాన్ని ముందుకు వంచక్కర్లేదు. పైగా ముందు పలక మీది రంధ్రాలు హాలు వైపు కాస్త పైకి తిరుగుతాయి.

ఇబ్బందులూ ఉన్నాయి. వంగిన కడ్డీ పూర్తిగా లోపలికి దూరదు. ప్రతిసారీ ఊడదీసి కేసులో విడిగా పెట్టుకోవాలి. కడ్డీని బిగించే మర వదులైతే వంపు పక్కకి తిరిగి, సెల్లో మొత్తం వాలిపోతుంది. వంపు ఎప్పుడూ నేల వైపే ఉండాలి. కొనేముందు కడ్డీ మందం కొలవండి: 8 మిల్లీమీటర్లవీ ఉంటాయి, 10వీ ఉంటాయి. పొడవు పెరిగేకొద్దీ సన్న కడ్డీ ఊగుతుంది.

మీ అబ్బాయికి ఇప్పుడే వద్దు. ముందు తిన్నని కడ్డీతోనే కూర్చునే తీరు సరిచూడండి. కుర్చీ ముందు సగంలో కూర్చోవాలి, పాదాలు నేలకి పూర్తిగా ఆనాలి. సెల్లో వెనక పై అంచు ఛాతీ మధ్యలో తగలాలి, అన్నిటికంటే మంద్రమైన తీగ శ్రుతి బిరడా ఎడమ చెవి వెనక్కి రావాలి. వాయిస్తుంటే కుడి భుజం పైకి లేస్తోందంటే కడ్డీ ఎక్కువ లాగారన్నమాట, కొంచెం కొంచెంగా తగ్గించండి. బొటనవేలి పాఠాలు మొదలై, పెద్ద సైజుకి మారాక గురువుగారిని అడిగి వంపు కడ్డీ సంగతి చూడవచ్చు.

ప్రశ్న: తోర్తెలియే ఎవరి శిష్యుడు? ఎవరికి నేర్పారు?
– ఒక పాఠకుడు, గుంటూరు

జవాబు: పారిస్‌లో ఒక వడ్రంగి కొడుకు. పారిస్ కన్సర్వేటరీలో (సంగీత కళాశాలలో) జెరార్ హెక్కింగ్ దగ్గర చదివి, 1930లో పదహారేళ్లకే ఆంగ్ల స్వరకర్త ఎల్గార్ సెల్లో కాన్చెర్టో (ఆర్కెస్ట్రాతో కలిసి వాయించే రచన) వాయించి ప్రథమ బహుమతి అందుకున్నారు. మాంటే కార్లో, బోస్టన్ ఆర్కెస్ట్రాల్లో పనిచేశారు. 1947లో లండన్‌లో ఆర్కెస్ట్రా నిర్వాహకుడు బీచమ్ నిర్వహణలో జర్మన్ స్వరకర్త రిచర్డ్ స్ట్రాస్ రచన ‘డాన్ కిహోటే’ వాయించాకే పేరు మారుమోగింది. 1969 దాకా పారిస్ కన్సర్వేటరీలోనే నేర్పారు, తర్వాత జర్మనీలోని ఎస్సెన్‌లో. ఫిన్లాండ్ విద్వాంసుడు ఆర్టో నోరాస్ ఆయన శిష్యుడే. ఆంగ్ల సెల్లో కళాకారిణి జాక్లిన్ డ్యూ ప్రే 1962లో కొన్నాళ్లు పారిస్ వెళ్లి ఆయన దగ్గర నేర్చుకుంది. జర్మన్ స్వరకర్త బాఖ్ ఒంటరి సెల్లో కోసం రాసిన ఆరు సూట్లనీ (రచనల గుచ్ఛాలనీ) ఆయన రెండుసార్లు రికార్డు చేశారు. 1960ల నాటిదీ, 1980ల నాటిదీ పక్కపక్కనే పెట్టుకుని వినండి.